రాజుగారి చెక్కు

కొన్ని సంవత్సరముల క్రిందట నేను ఎనిమిదవ తరగతి విద్యార్థులకు ఆంగ్లపాఠము చెప్పుచుంటిని. ఆనాటి పాఠము చదరంగమును గూర్చినది. అందొక చిన్న వాక్యము వచ్చినది. ఒక ఆటగాడు తన గుర్రమును ముందునకు దుమికింపగా ఎదుటివాని రాజు 'చెక్'లో పడెనని దాని భావము. ఆ వాక్యమును తెనిగింపుమని వెనుక వరుసలోని ఒక బాలుని అడిగితిని. అతడు లేచి నిలిచి, కొంత తడబడి, "రాజు చెక్కులో ఉన్నాడు" అని చెప్పెను.

తరగతి యంతయు ఒక్కసారిగా గొల్లుమనెను. "రాజు బ్యాంకులో దాగినాడా?" అని యొకడు, "ఆ చెక్కును మార్చినచో ఎందరు రాజులు వత్తురు?" అని మరియొకడు పరిహాసమాడిరి. చెప్పుటకు సిగ్గుపడుచున్నాను, వారితోపాటు నేనును నవ్వితిని. ఆ బాలుని తండ్రి చేనేత పనివాడు. నేసిన బట్టకు వచ్చిన చెక్కును తీసికొని తండ్రి బ్యాంకునకు పోవునపుడు కుమారుడు వెంట పోయి కాగితములు నింపిపెట్టుచుండెడివాడు. అతడెరిగిన చెక్కు అదియొక్కటే. తెలిసినదానిని పట్టుకొని తెలియనిదానిని చేరుటకు అతడు ప్రయత్నించెను. చదువనగా అదియే గదా!

గంట కొట్టిన పిదప ఆ బాలుడు నాయొద్దకు వచ్చి, మెల్లగా ఇట్లడిగెను: "అయ్యా! ఆటలోని చెక్కు, బ్యాంకులోని చెక్కు ఒకటి కాదా? రెండింటిని ఒక్కరీతినే పలుకుచున్నాము గదా!"

"కాదు నాయనా! అది ఆటలోని మాట, ఇది బ్యాంకులోని మాట. రెండర్థములను విడివిడిగా కంఠస్థము చేయుము" అని చెప్పి నేను వెడలిపోతిని. అతడు తలవంచుకొని పోయెను. ఆ తరువాత చాలకాలము ఆంగ్లపాఠములో అతని గొంతు వినబడలేదు.

మరికొంత కాలమునకు, ఒకనాటి రాత్రి, వేరొక పదము కొరకు శబ్దముల పుట్టుకను తెలుపు నిఘంటువును తిరుగవేయుచుండగా ఈ మాట నా కంటబడినది. చదివితిని. చదివినకొలది నా ముఖము చిన్నబోయినది. ఆ బాలుని ఊహ సరియైనది. నేను చెప్పిన సమాధానమే తప్పు. ఆ రెండు మాటలును ఒక్కటే. ఆనాడు నేర్చుకొన్నదానిని మీకు చెప్పుటయే ఈ వ్యాసమునకు ప్రయోజనము. ఒక మాటకు పెక్కు అర్థములు కనబడినపుడు వానిని వల్లెవేసి ఊరకుండరాదనియు, తప్పుగా చెప్పినవానిని చూచి నవ్వరాదనియు, "ఈ అర్థమునుండి ఆ అర్థము ఎట్లు వచ్చినది?" అని ప్రశ్నింపవలెననియు నా అభిప్రాయము.

ముందుగా ఈ చిన్నమాట మన చుట్టును ఎన్ని వేషములతో తిరుగుచున్నదో చూతము. బ్యాంకులో సొమ్ము ఇప్పించుటకు వ్రాసియిచ్చు పత్రము చెక్కు. రాష్ట్రముల సరిహద్దులందు బండ్లను నిలిపి పరీక్షించు తావు చెక్‌పోస్టు. వాగునకు అడ్డముగా కట్టి నీటి వేగమును తగ్గించు చిన్న కట్టడము చెక్‌డ్యాము. చేసిన లెక్కను మరల సరిచూచుకొనుట చెక్ చేయుట. గళ్ళ చొక్కాను కొందరు చెక్స్ చొక్కా అందురు. చదరంగమున రాజునకు గండము వచ్చినచో చెక్ అందురు. అమెరికాలో భోజనశాలయందు తిన్నదానికి ఇచ్చు బిల్లునకును చెక్కనియే పేరు. సరియైన జవాబు ప్రక్కన పెట్టు గుర్తునకును అచ్చట అదియే పేరు. సొమ్మెక్కడ? ఆనకట్టయెక్కడ? బట్టయెక్కడ? ఆటయెక్కడ? వీనికన్నిటికి ఒక్క మాట ఎట్లు చాలినది?

దీనికి సమాధానము వెదకుటకు మనము ఇంగ్లండునకు కాక, మొదట మన దేశమునకే రావలెను. రథములు, ఏనుగులు, గుఱ్ఱములు, కాలిబంట్లు అను నాలుగు అంగములు గల సైన్యమును మన పూర్వులు చతురంగ బలమనిరి. ఆ సైన్యమును బల్లపై నిలిపి ఆడిన ఆటకు చతురంగమని పేరు పెట్టిరి. ఎనిమిది వరుసలుగా, వరుసకు ఎనిమిదేసి గళ్ళుగా గీచిన పలకను అష్టాపదమనెడివారు. క్రీస్తు శకము ఏడవ శతాబ్దమున బాణభట్టు రచించిన హర్షచరిత్రలో ఆ పలకయు, ఆ చతురంగమును ప్రస్తావింపబడినవి. మనము నేడు చదరంగమనుచున్నది ఆ చతురంగమునే. పలక చదరముగా ఉన్నది కావున చదరంగమైనదని కొందరు విద్యార్థులు తలంతురు. అది సరికాదు. కాని చదరమను మాటయు నాలుగు కోణములను తెలుపు చతురస్ర శబ్దమునుండియే వచ్చినదని చెప్పుదురు. కావున ఆ తప్పు ఊహ వెనుకను 'నాలుగు' అను చుట్టరికము కొంత కలదు.

ఈ ఆట మన దేశమునుండి పారశీక దేశమునకు పోయెను. క్రీస్తు శకము 531 మొదలు 579 వరకు ఆ దేశమునేలిన ఖుస్రూ అనూషిర్వాను కాలమున హిందూదేశపు రాజొకడు ఈ ఆటను అచ్చటికి పంపెనని పారశీకులు కథగా చెప్పుకొందురు. వారు చతురంగమును చత్రంగ్ అనిరి. వారి భాషలో రాజునకు 'షా' అని పేరు. మన సంస్కృతములోని క్షత్రశబ్దమునకు ఈ షా శబ్దము దూరపు బంధువు. రెండును పరిపాలనమును తెలుపు ఒకే ధాతువునుండి పుట్టినవి. ఆటలో ఎదుటివాని రాజుమీదికి దాడి చేసినపుడు "షా!" అని పలికి హెచ్చరించుట వారి మర్యాద. "నీ రాజును చూచుకొనుము" అని దాని తాత్పర్యము.

విద్యార్థులారా! ఈ 'షా' అను ఒక్క కేకయే మనము వెదకుచున్న మాటకు బీజము.

రాజు తప్పించుకొనుటకు దారి లేకపోయినచో "షా మాత్" అందురు. ఆంగ్లములోని 'చెక్‌మేట్' దాని రూపాంతరమే. రాజు చచ్చెనని దానికి అర్థము చెప్పువారు పెక్కుమంది కలరు. అరబ్బీ భాషలో చచ్చెను అనుటకు ఇంచుమించు అట్టి శబ్దమే ఉండుటచేత ఆ భ్రమ కలిగినది. కాని పారశీకమున 'మాత్' అనగా దిక్కుతోచక నిలిచినవాడని అర్థము. ఆటను గమనించినను ఇదియే నిజమని తోచును. చదరంగమున బంటు చచ్చును, గుఱ్ఱము చచ్చును, మంత్రియు చచ్చును. రాజును మాత్రము ఎవ్వరును చంపరు. అతడు కదలలేక నిలిచిపోవుటతో ఆట ముగియును. శబ్దము యొక్క పోలిక మాత్రమే చూచి అర్థము నిర్ణయించినచో ఎట్లు పొరపడుదుమో దీనివలన తెలియుచున్నది.

ఏడవ శతాబ్దమున అరబ్బులు పారశీకమును జయించిరి. వారి భాషలో చకార గకారములు లేకపోవుటచే చత్రంగ్ అను పేరు షత్రంజ్ అయ్యెను. వారితోపాటు ఆటయు పడమటికి సాగి స్పెయిను, ఇటలీ దేశములను చేరెను. అచ్చటి పండితులు లాటిను భాషలో 'షా' శబ్దమును తమ నోటికి తగినట్లు మార్చి 'స్కాకస్' అనిరి. ఫ్రెంచివారి నోట అది 'ఎస్చెక్' అయ్యెను. ఆ ఫ్రెంచి మాట బహువచనమునుండి ఆటకు 'చెస్' అను పేరు ఆంగ్లమున ఏర్పడెను. ఏకవచనమునుండి 'చెక్' వచ్చెను. అనగా చెస్, చెక్ అనునవి ఒక తల్లి బిడ్డలు. రెండింటిలోను పారశీకపు రాజే దాగియున్నాడు.

1066వ సంవత్సరమున నార్మనులు ఇంగ్లండును జయించిరి. ఆ తరువాత చాలకాలము ఆ దేశపు రాజసభలలో ఫ్రెంచి భాష చలామణియైనది. ఆ దారిని వేలకొలది ఫ్రెంచి మాటలు ఆంగ్లమున ప్రవేశించినవి. మన చెక్ కూడ ఆ గుంపులోనిదే. ఇక్కడనుండి దాని అర్థము పెరుగసాగెను. ఎట్లు పెరిగెనో కొంచెము నిదానించి చూతము.

చదరంగమాడువారికి ఒక నియమము తెలియును. రాజునకు గండము వచ్చినపుడు ఆటగాడు తాను తలపెట్టిన ఎత్తులన్నియు విడిచి ముందుగా రాజును కాపాడుకొనవలెను. ఎంత గొప్ప పన్నాగము సిద్ధముగా నున్నను అది ఆగిపోవలసినదే. కావున చెక్ అనగా 'సాగుచున్నదానికి అకస్మాత్తుగా కలిగిన ఆటంకము' అను అర్థము ఏర్పడినది. ఆట వెలుపలను, పరుగెత్తు గుఱ్ఱమును నిలుపుట, కోపమును అణచుకొనుట, శత్రువును అడ్డగించుట, ఇవన్నియు చెక్ అయ్యెను. మన పల్లెలలోని చెక్‌డ్యాము ఈ కొమ్మకు పూచిన పువ్వే. అది వాగును పూర్తిగా ఆపివేయదు. పరుగును అడ్డగించి, నీరు కొంతసేపు నిలిచి భూమిలో ఇంకునట్లు చేయును. 1787లో అమెరికావారు తమ రాజ్యాంగమును వ్రాసికొన్నపుడు, శాసనసభ, అధ్యక్షుడు, న్యాయస్థానము అను మూడింటిలో ఏ ఒక్కటియు హద్దుమీరకుండ ఒకదానికొకటి అడ్డు నిలుచునట్లు ఏర్పాటు చేసికొనిరి. ఆ అడ్డునకును ఆంగ్లమున చెక్ అనియే పేరు. రాజును నిలుపు కేక, రాజులు లేని దేశమున పాలకులను అదుపులో ఉంచు మాట అయినది!

అడ్డగించుటనుండి సరిచూచుట అను అర్థము పుట్టుట కష్టము కాదు. తప్పును అరికట్టవలెనన్నచో పనిని ఒక క్షణము నిలిపి పరిశీలింపవలెను గదా! సరిహద్దులోని చెక్‌పోస్టును తలచుకొనుడు. అచ్చటి ఉద్యోగి బండిని ఆపును. ఆపి లోనున్న సరకును చూచును. ఆపుటయు, చూచుటయు ఆ ఒక్క తావునందే కలిసియున్నవి. మొదటి అర్థము రెండవ అర్థముగా మారుచున్న దృశ్యమును మనము అచ్చట కన్నులార చూడవచ్చును.

ఇంక బ్యాంకు చెక్కు సంగతి. దానికి మరియొక దారి కూడ తోడైనది. పన్నెండవ శతాబ్దమున ఇంగ్లండులో మొదటి హెన్రీ రాజు పరిపాలించుచుండగా రాజస్వమును లెక్కించుటకు ఒక కార్యాలయము ఏర్పడెను. దేశమునందలి జిల్లాల అధికారులు సంవత్సరమునకు రెండుమార్లు అచ్చటికి వచ్చి వసూలు చేసిన ధనమునకు లెక్క చెప్పవలసియుండెడిది. అప్పటికి ఆ దేశమునకు మన సున్న చేరలేదు. రోమను అంకెలతో కూడికలు తీసివేతలు చేయుట దుస్తరము. అందుచేత వారు పది అడుగుల పొడవు, అయిదడుగుల వెడల్పు గల బల్లపై గీతలు గల నల్లని గుడ్డ పరచి, ఆ గళ్ళలో బిళ్ళలను పెట్టి లెక్కించెడివారు. ఒక వరుసలో పెన్నీలు, మరియొక వరుసలో షిల్లింగులు, ఇంకొక వరుసలో పౌనులు. చూచుటకు చదరంగపు పలకవలె నుండుటచే ఫ్రెంచిలో ఆ పలకకు గల పేరే ఆ బల్లకును, పిదప ఆ కార్యాలయమునకును వచ్చినది. అదియే ఆంగ్లములో 'ఎక్స్‌చెకర్'.

ఆ కార్యాలయమున కోశాధికారిగా పనిచేసిన రిచర్డ్ ఫిట్జ్‌నీల్ పన్నెండవ శతాబ్దపు ఉత్తరార్ధమున దానిని గూర్చి ఒక గ్రంథము వ్రాసెను. బల్లకొలతలు మనకు ఆ గ్రంథమువలననే తెలిసినవి. చదరంగపు పలకపై ఇద్దరు రాజులు పోరాడునట్లు ఈ బల్లయొద్ద కోశాధికారియు, లెక్క చెప్పవచ్చిన జిల్లా అధికారియు పోరాడుదురని అతడు పోల్చి చెప్పెను. ఆ బల్ల పోయినది, ఆ గుడ్డ పోయినది; పేరు మాత్రము పోలేదు. ఇంగ్లండు ఆర్థిక మంత్రిని నేటికిని ఎక్స్‌చెకర్ చాన్సలరనియే పిలుచుచున్నారు.

ధనమును ఇప్పించు పత్రములు ఇంగ్లండులో పదునేడవ శతాబ్దమున వాడుకలోనికి వచ్చినవి. 1659 నాటి పత్రమొకటి నేటికిని నిలిచియున్నది. దొంగపత్రములను అరికట్టుటకై పత్రముతోపాటు దాని నకలుభాగమును బ్యాంకువారు తమయొద్ద ఉంచుకొని, సొమ్మిచ్చునపుడు రెండింటిని పోల్చి చూచెడివారు. మోసమును అడ్డగించునది కావున పదునెనిమిదవ శతాబ్దమున ఆ నకలుభాగమునకు చెక్ అని పేరు కలిగెను. క్రమముగా ఆ పేరు నకలును విడిచి పత్రమునకే అంటుకొన్నది. పిమ్మట ఎక్స్‌చెకర్ అను మాట ప్రభావముచే ఇంగ్లండువారు బ్యాంకు చెక్కునకు మాత్రము వేరు వర్ణక్రమమును అలవరచుకొనిరి. అమెరికావారు పాత వర్ణక్రమమునే నిలుపుకొనిరి. ఈ వర్ణక్రమ భేదమును చూచియే నేను అవి రెండు వేరు మాటలనుకొంటిని. బట్టలు మార్చుకొన్న అన్నదమ్ములను చూచి వేరింటివారనుకొనుట వంటిది నా పొరపాటు! మన దేశమున 1881 నాటి చట్టము చెక్కునకు నిర్వచనమిచ్చినది. నేడు చేతిలోని ఫోను మీటనొక్కి సొమ్ము పంపు కాలము వచ్చినను, ఆ పత్రము ఇంకను మన వ్యవహారమునుండి పోలేదు.

గళ్ళ బట్టకు ఆ పేరు వచ్చుట సులభముగా బోధపడును. చదరంగపు పలకవలె గళ్ళున్న బట్ట గనుక దానిని ఆంగ్లేయులు చెక్ అనిరి. మన తూర్పుతీరపు చేనేతవారును అట్టి బట్టలను నేసి ఓడలకెక్కించెడివారు. చీరాలలో నేసిన తేలియా రుమాళ్ళు చదరపు గళ్ళతో అందగించి అరబ్బు దేశములకు పోయెడివి. నేడు ఆ విద్య తెలంగాణములోని పుట్టపాకలో వర్ధిల్లుచున్నది. మనవారు ఆ నేతను గళ్ళు అనిరి. చదరంగపు పలకలోని ఇల్లును గడియే, బట్టలోని చదరమును గడియే, పత్రికలలోని పదప్రహేళికలో అక్షరము వ్రాయు తావును గడియే. ఆంగ్లేయుల మాట నడచిన దారినే మన మాటయు స్వతంత్రముగా నడచినది!

అంతే కాదు. చదరంగమున రాజునకు దారి లేకపోయినచో మనము 'ఆటకట్టు' అందుము. ఊరివారిని మోసగించువాడు పట్టుబడినపుడును "వాని ఆట కట్టినది" అందుము. ఆటలోని మాట జీవితములోనికి వచ్చినది. కన్ను అను మాటను చూడుడు. మన కన్నే నెమలి పింఛమునందు కన్నైనది, కొబ్బరికాయకు కన్నైనది, చెరకుగడ కణుపునందు మొలకెత్తు కన్నైనది. ఒక మాట పెక్కు అర్థములనిచ్చుట ఆంగ్లభాషలోని అవకతవక కాదు. జనులు బ్రతికియుండి మాటలాడు ప్రతి భాషయందును ఇది జరుగును. క్రొత్త వస్తువు కనబడినపుడు మానవుడు క్రొత్త శబ్దమును సృష్టించుటకంటె, దానిని పోలిన పాతదాని పేరునే తరచుగా అరువు తెచ్చుకొనును.

అయితే ఒక హెచ్చరిక అవసరము. ఒక్కరీతిగా వినబడు మాటలన్నియు చుట్టములు కావు. ఆంగ్లమున అగ్గిపుల్లను మ్యాచ్ అందురు. ఆటపోటీనియు మ్యాచ్ అందురు. మొదటిది దీపపు వత్తి అను అర్థము గల ఫ్రెంచి మాటనుండి వచ్చినది. రెండవది జోడు, సమానుడు అను అర్థము గల ప్రాచీనాంగ్ల పదమునుండి వచ్చినది. ఇవి రెండును త్రోవలో కలిసి ఒకే వేషము ధరించిన బాటసారులు. మన భాషలో త్రాగెడు పాలు వేరు, పంచుకొనెడు పాలు వేరు. అట్లే శిల్పి రాతిని చెక్కు చెక్కునకును, మామిడికాయకు తీయు చెక్కునకును బ్యాంకు చెక్కుతో ఎట్టి సంబంధమును లేదు. కావున చుట్టరికమును ఊహింపవచ్చును గాని, నిఘంటువును చూచి నిర్ధారించుకొనక నమ్మరాదు. ఊహించుట తెలివి; ఊహను సరిచూచుకొనుట విద్య.

"పరీక్షలో అర్థము వ్రాసినచో చాలును. ఈ చరిత్రలన్నిటికి తీరిక ఎక్కడిది?" అని కొందరు అడుగవచ్చును. ఆ ప్రశ్న న్యాయమైనదే. ప్రతి పదమునకు ఇంత దూరము పోవుట సాధ్యము కాదు. కాని నా అనుభవమున నేను చూచినది చెప్పెదను. ఆటంకము, అదుపు, తనిఖీ, పత్రము, గళ్ళ బట్ట అని అయిదర్థములను విడివిడిగా వల్లించిన విద్యార్థి, పరీక్ష ముగిసిన వారమునకు మూడింటిని మరచును. రాజును నిలిపిన కేకనుండి అవి ఎట్లు పుట్టినవో ఒక్కమారు విన్న విద్యార్థి ఏ ఒక్కదానిని మరువడు. విడిపువ్వులు చేతిలో నిలువవు. దారమున గ్రుచ్చినచో మాలయై నిలుచును. ఆ దారమే మాట చరిత్ర.

ఇందుండి ఇంకొక విషయము కూడ గ్రహింపవలెను. అన్యదేశ్యములు వచ్చి తెలుగు చెడిపోవుచున్నదని కొందరు విచారింతురు. ఆంగ్లపదములు దొర్లించుటయే గౌరవమని మరికొందరు మురియుదురు. ఈ చిన్నమాట కథ ఇద్దరికిని సమాధానము చెప్పుచున్నది. ఆట మనది, కేక పారశీకులది, దానిని మోసినవారు అరబ్బులు, దిద్దినవారు లాటిను, ఫ్రెంచి వారు, వాడుకను పెంచినవారు ఆంగ్లేయులు. ఇన్ని చేతులు మారినదానిని 'మాది' అని గర్వించుటకు ఎవరికిని హక్కు లేదు. 'పరాయిది' అని తరిమివేయుటకును కారణము లేదు. నా మట్టుకు నేను బ్యాంకు చెక్కును చెక్కనియే అందును. అది మన వాడుకలో ఇంటి మాటయైనది. కాని గళ్ళ చొక్కాను గళ్ళ చొక్కాయనియే అందును. చీరాల మగ్గముపై పుట్టి పెరిగిన మాట మనకుండగా దానిని మూలకు త్రోయుట తగదు. లేనిదానిని పుచ్చుకొనుట సంపద. ఉన్నదానిని పారవైచుట దారిద్ర్యము.

మాట పుట్టుక తెలిసినంత మాత్రమున దాని పాత అర్థమే నిజమైన అర్థమని వాదింపరాదు. బ్యాంకునకు పోయి "షా అనగా రాజు గదా" అన్నచో ఎవ్వరును సొమ్మీయరు. నేడు జనులు ఏ అర్థమున వాడుచున్నారో అదియే నేటి అర్థము. చరిత్ర మనకు అర్థమును శాసింపదు. అర్థము మనలను చేరిన త్రోవను మాత్రము చూపును. ఆ త్రోవ తెలిసినవానికి తెలియని మాట ఎదురైనను భయముండదు.

ఇంక ఆ బాలుని సంగతి చెప్పి ముగింతును. నిఘంటువును చూచిన మరునాడు నేను తరగతిలో ప్రవేశించి, నల్లబల్లపై "రాజు చెక్కులో ఉన్నాడు" అని వ్రాసితిని. విద్యార్థులు మరల నవ్వబోయిరి. నేను చేయి యెత్తి వారించి, మీకిప్పుడు చెప్పిన కథను వారికి మొదటినుండి చెప్పితిని. చివర ఇట్లంటిని: "ఆనాడు మనమందరము నవ్వితిమి. ఆ వాక్యమునకు అది సరియైన తెనుగు కాదు; నిజమే. కాని ఆ బాలుడు తెలియకయే ఒక గొప్ప సత్యమును పలికినాడు. బ్యాంకులో ఇచ్చు చెక్కు అను మాటను విప్పి చూచినచో దాని లోపల పారశీకపు రాజు నిజముగానే కూర్చుండియున్నాడు. 'రెండును ఒకటి కావా?' అని అతడడిగినపుడు, చూడకయే కాదని చెప్పితిని. తప్పు నాది."

తరగతి నిశ్శబ్దమయ్యెను. వెనుక వరుసలో ఆ బాలుడు తల యెత్తెను. కొంతసేపటికి చేయి కూడ యెత్తి, "అయ్యా! మరి మంత్రికి ఆంగ్లమున రాణియని పేరెట్లు వచ్చినది?" అని అడిగెను.

ఈసారి ఎవ్వరును నవ్వలేదు. నేనును "కంఠస్థము చేయుము" అనలేదు. "రేపు నిఘంటువును తీసికొని వత్తును. ఇద్దరమును కలిసి చూతము" అంటిని.